కనబడిందల్లా కోసెయ్యాలా?

పోయిన వారం మా టీంలో కుర్రాడొకడు స్కాన్ రిపోర్టు పట్టుకుని నా సీటు దగ్గరికొచ్చాడు. వాళ్ళావిడకి ఐదో నెల. టిఫా స్కాన్‌లో బిడ్డ ఎడమ కిడ్నీలో 6 మిల్లీమీటర్ల వాపు ఉందన్నారట. "అన్నా, పుట్టగానే ఆపరేషన్ చెయ్యాలా?" అనడిగాడు. మొహంలో నెత్తుటి చుక్క లేదు. ఆరేళ్ళ కిందట నా మొహమూ అలాగే ఉండుంటుంది, మావాడికీ ఇదే రాశారు కాబట్టి. అప్పట్లో నిద్రపట్టక నేను చదువుకున్న చరిత్రే ఇది.

కడుపులో బిడ్డ కిడ్నీని చూడగలగడమే ఓ ఇంజనీరింగ్ కథ. 1955లో గ్లాస్గోలో ఇయన్ డోనాల్డ్ అనే ప్రసూతి వైద్యాచార్యుడు ఆపరేషన్లలో తీసిన కణుతుల్ని కార్లో వేసుకుని ఓ బాయిలర్ల ఫ్యాక్టరీకి వెళ్ళాడు. లోహంలో పగుళ్ళు పట్టే అల్ట్రాసౌండ్ యంత్రం అక్కడుంది. నీటితిత్తికీ గట్టిగడ్డకీ తేడా అందులో తెలిసిపోయింది. తర్వాత టామ్ బ్రౌన్ అనే కుర్ర ఇంజనీరు తోడై స్కానర్ తయారుచేశాడు. 1958లో వాళ్ళ పేపరు లాన్సెట్‌లో వచ్చింది. (డాక్టరుగారి పేరు అందరికీ తెలుసు, ఇంజనీరు పేరు ఎవరికీ గుర్తులేదు. మనకి అలవాటేగా :) ) 1975లో సిడ్నీలో గారెట్ బృందం గర్భంలోని బిడ్డ కిడ్నీ వాపుని స్కాన్‌లో గుర్తించడం గురించి రాసింది.

చిక్కు ఇక్కడే మొదలైంది. అంతకుముందు పిల్లల కిడ్నీ వాపు బయటపడేది పొట్టలో గడ్డ తగిలినప్పుడో, చీముతో జ్వరమొచ్చినప్పుడో. అంటే సర్జన్లు చూసినవన్నీ ముదిరిన కేసులే. అందుకే వాపంటే అడ్డంకి, అడ్డంకంటే కత్తి అన్నది వాళ్ళ లెక్క. క్రాష్ రిపోర్టులు మాత్రమే చూసి ప్రోగ్రామంతా చెత్తని తేల్చేసినట్టన్నమాట! స్కాన్ వచ్చాక ఏ బాధా లేని పసిపిల్లలకీ అదే లెక్క వర్తింపజేశారు. తొలినెలల్లోనే ఆపరేషన్లు జరిగాయి.

కొందరు పుట్టేదాకా కూడా ఆగలేదు. 1981లో శాన్‌ఫ్రాన్సిస్కోలో మైకేల్ హారిసన్ బృందం తల్లి గర్భసంచి తెరిచి, రెండు కిడ్నీలూ వాచిన బిడ్డకి ఆపరేషన్ చేసింది. ఆపరేషన్ జరిగింది గానీ, పుట్టాక బిడ్డ దక్కలేదు. ఊపిరితిత్తులు ఎదగలేదు. బిడ్డ మూత్రమే ఉమ్మనీరు, అది లేకపోతే ఊపిరితిత్తులు పెరగవు.

మరి ఒక కిడ్నీయే వాచి, బిడ్డ హాయిగా ఉంటే? లండన్‌లో రాన్‌స్లీ, అమెరికాలో కాఫ్ వంటివాళ్ళు 1990ల మొదట్లో ధైర్యం చేసి ఆగి చూశారు. ఊరికే కూర్చోలేదు, పదేపదే పరీక్షలు చేస్తూ, కిడ్నీ పనితనం తగ్గితేనే కత్తి పట్టారు. చాలామందికి ఆ అవసరమే రాలేదు. నా దృష్టిలో అసలు విప్లవం ఇదే. చూడ్డం నేర్చుకున్నాక ఆగడం నేర్చుకోడానికి ఇంకో పదిహేనేళ్ళు పట్టింది.

అలాగని అన్నీ వదిలెయ్యమని కాదు. మగబిడ్డలో రెండు కిడ్నీలూ వాచి, మూత్రాశయం ఉబ్బి, ఉమ్మనీరు తగ్గిందంటే అది మూత్రనాళంలో అడ్డుపొర కావచ్చు. అలాంటప్పుడు పుట్టిన వెంటనే డాక్టర్లు సిద్ధంగా ఉండాలి. గర్భంలోనే గొట్టం వేసి చూసే పెద్ద పరీక్ష ఫలితాలు 2013లో వచ్చాయి. చేరినవాళ్ళు 31 మందే కావడంతో మధ్యలోనే ఆపేశారు, గట్టిగా ఏదీ తేలలేదు.

ఈ వాపు నూటికి ఒకటి నుంచి ఐదు గర్భాల్లో కనిపిస్తుంది. ఐదో నెలలో 4 మిల్లీమీటర్లు, చివరి మూడు నెలల్లో 7 దాటితే రిపోర్టులో రాస్తారు. స్వల్పమైనవి ఎక్కువభాగం వాటంతటవే సర్దుకుంటాయి. ఒక్క జాగ్రత్త: పుట్టిన తొలి రెండ్రోజులూ బిడ్డ ఒంట్లో నీరు తక్కువ, వాపు దాక్కుంటుంది. తొందరలేని కేసుల్లో 48 గంటలాగి స్కాన్ చేయించేది అందుకే. అప్పుడు మామూలుగా ఉన్నా, తర్వాతి స్కాన్ ఎగ్గొట్టకూడదు.

మావాడి వాపు ఏడాది నిండేలోపు పోయింది. ఆ కుర్రాడికి మాత్రం "నీకూ అంతే" అని చెప్పలేదు. "ఎనిమిదో నెల స్కాన్ తేదీ క్యాలెండర్లో పెట్టుకో, ఈలోపు రాత్రుళ్ళు గూగుల్ చెయ్యకు" అన్నా. మొదటిది పెట్టుకున్నాడు. రెండోది చేస్తాడని నమ్మకం లేదు. నేను మాత్రం ఊరుకున్నానా ఏంటి!