ద్రాక్షకి దూది చుట్టిన పాశ్చర్



తెల్లారి దించిన ఈతకల్లు తియ్యగా ఉంటుంది. పొద్దెక్కేసరికి నురగ కట్టి ఘాటెక్కుతుంది. అందులో మనం ఏ ఈస్టూ కలపలేదు కదా, మరి ఎవరు పులియబెట్టారు? ఫ్రాన్స్‌లో ద్రాక్షరసం గురించి ఇదే ప్రశ్న మీద పెద్ద వాదన జరిగింది.

క్లాడ్ బెర్నార్డ్ అనే గొప్ప శాస్త్రవేత్త 1878 ఫిబ్రవరిలో చనిపోయారు. ఆయన రాసి పెట్టుకున్న కాగితాలు ఆ జూలైలో అచ్చయ్యాయి. పండిన ద్రాక్ష రసంలోనే పులిసే శక్తి పుడుతుంది, బయటి నుంచి ఏ జీవీ రానక్కర్లేదని వాటిలో ఉంది. ఈస్ట్ అనే జీవి వల్లే పులుస్తుందని లూయీ పాశ్చర్ ఇరవై ఏళ్లుగా చెబుతున్న మాటకి ఇది అడ్డం. ఇద్దరూ స్నేహితులు. పోయిన మనిషితో వాదించేదెట్లా?

పాశ్చర్ నేరుగా ఆర్బువాలో తనకున్న కాస్త ద్రాక్షతోటకి వెళ్లారు. కాయలు పచ్చిగా ఉండగానే కొన్ని తీగలకి అద్దాల గదులు కట్టించారు. లోపల కొన్ని గుత్తులకి, బాగా వేడిచేసి సూక్ష్మజీవులు లేకుండా చేసిన దూది చుట్టారు. అక్టోబరులో పళ్లు నలిపి చూస్తే, బయట పెరిగిన వాటి రసం రెండు రోజుల్లోనే పొంగింది. దూదిలో పండినవి పొంగలేదు. అంటే ఈస్ట్ పండు లోపల పుట్టేది కాదు, బయటి నుంచి వచ్చి తొక్క మీద చేరేది.

బెర్నార్డ్ మాటలోనూ కొంత నిజముంది. 1897లో జర్మనీలో ఎడువర్డ్ బుక్నర్, ఈస్ట్‌ని నూరి పిండిన రసం కూడా చక్కెరని పులియబెడుతుందని చూపించారు. కానీ ఆ రసం రావాలన్నా ముందు ఈస్ట్ ఉండాలి కదా.

ఇప్పుడు మన ఇంటి సంగతి. కాచి చల్లార్చిన నీళ్లు గాజుసీసాలో సగానికి పైగా పోసి, గుప్పెడు ద్రాక్ష నలిపి, చెంచా పంచదార వేయండి. మూత వదులుగా పెట్టి రోజుకి రెండుసార్లు కలపండి. మన ఎండలకి కొద్ది రోజుల్లోనే బుడగలు వస్తాయి. ఆ నీళ్లతో గోధుమపిండి కలిపి పెడితే పిండి పొంగుతుంది. బూజు పట్టినా, కుళ్లు వాసన వచ్చినా పారబోయండి.

ఒక్క మాట మర్చిపోకండి. పండు మీద తెల్లటి పొర ఈస్ట్ కాదు, మైనం. ఈస్ట్ కంటికి కనపడదు. అదీ ఒక శిలీంధ్రమే, కాబట్టి తెగుళ్ల మందు దాన్నీ చంపగలదు. మందు కొట్టని చెట్టు కాయే వాడండి. మీ సీసా ఎన్నోరోజుకి పొంగిందో కింద రాయండి.