టెర్మినల్‌ను మనకు నచ్చినట్టు మార్చుకోవడం, సైబర్ భద్రత జాగ్రత్తగా నేర్చుకోవడం

నల్ల తెర మీద తెల్ల అక్షరాలు కనబడగానే మావాడు హ్యాకింగ్ చేస్తున్నాడని తల్లిదండ్రులు కంగారు పడక్కర్లేదు. అది టెర్మినల్. అందులో మనం టైపు చేసే కమాండ్లను చదివి అమలు చేసే ప్రోగ్రామును షెల్ అంటారు. ఉబుంటులోనూ, సీడాక్ తయారుచేసిన బాస్ లినక్స్‌లోనూ సాధారణంగా ఉండేది బ్యాష్ అనే షెల్. 1989లో వచ్చింది, ఇప్పటికీ బాగానే నడుస్తోంది.

టెర్మినల్ తెరిచిన ప్రతిసారీ బ్యాష్ మీ హోమ్ ఫోల్డర్‌లో ఉన్న 'డాట్ బ్యాష్ ఆర్‌సీ' అనే ఫైలును చదువుతుంది. పేరు చుక్కతో మొదలవుతుంది కాబట్టి మామూలుగా కనబడదు. ఉబుంటు ఫైళ్ల కిటికీలో కంట్రోల్, హెచ్ కలిపి నొక్కితే కనబడుతుంది. ఏదైనా మార్చేముందు దానికి ఒక కాపీ తీసి పెట్టుకోండి. పీఎస్1 అనే విలువ మారిస్తే ప్రాంప్ట్ రంగు, రూపం మారతాయి; పిల్లలకు సరదా అంతా ఇక్కడే. నిజంగా పనికొచ్చేది మాత్రం ఎలియాస్, అంటే పొడుగాటి కమాండ్‌కు మనం పెట్టుకునే ముద్దుపేరు. ఫైళ్లు చెరిపే 'ఆర్ఎం'కు 'హైఫన్ ఐ' చేర్చి ఎలియాస్ పెడితే, చెరిపేముందు ఒకసారి అడుగుతుంది. ఆర్ఎంతో చెరిపింది చెత్తబుట్టలోకి వెళ్లదు మరి, పోతే పోయినట్టే.

ఎక్కడో చూసిన లైన్లను అర్థం తెలియకుండా ఈ ఫైలులో పేస్ట్ చేయొద్దు. టెర్మినల్ తెరిచినప్పుడల్లా అవి మీ పేరు మీదే నడుస్తాయి. మీరు తెరవగలిగే ఫొటోలు, కాగితాలు అన్నీ అవీ తెరవగలవు. 'కర్ల్'తో తెచ్చి నేరుగా బ్యాష్‌కు అందించే లైనయితే మరీ ప్రమాదం, లోపల ఏముందో చూడకముందే పని అయిపోతుంది. 'సుడో' కనబడితే ఆగి, కంప్యూటర్ సార్‌నో టీచర్‌నో అడగండి. 'మ్యాన్' అని కొట్టి, పక్కన కమాండ్ పేరు రాస్తే దాని వివరం వస్తుంది.

సాధన చేయడానికి అనుమతి ఉన్న చోట్లు చాలానే ఉన్నాయి. ఓవర్‌ద‌వైర్ వాళ్ల 'బ్యాండిట్' ఆట ఉచితం. ఒక్కో మెట్టులో దొరికే పాస్‌వర్డ్‌తోనే తర్వాతి మెట్టు తెరుచుకుంటుంది. కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయం వారి పికోసీటీఎఫ్ బడిపిల్లలను దృష్టిలో పెట్టుకుని చేసినది.

పక్కింటి వైఫై, స్నేహితుడి అకౌంటు, బడి కంప్యూటర్లు సాధనకు కావు. అనుమతి లేకుండా దూరితే ఐటీ చట్టం 2000, సెక్షన్ 43 కింద పరిహారం కట్టాల్సి రావచ్చు. మోసపు ఉద్దేశంతో చేస్తే సెక్షన్ 66 ప్రకారం మూడేళ్ల దాకా జైలు, 5 లక్షల రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ. బడి కంప్యూటర్‌లో ఏదైనా లోపం కంటబడితే, దాన్ని ఇంకా తవ్వకుండా ల్యాబ్ టీచరుకు చెప్పండి.