కొలంబియా మిట్ట, హార్లెం పల్లం



కొలంబియా అనగానే మనకు బాబాసాహెబ్ గుర్తొస్తారు. 1913లో బరోడా మహారాజు ఇచ్చిన స్కాలర్‌షిప్‌తో ఆయన అక్కడ చేరారు. ఎంఏ చేసిందీ, పీహెచ్‌డీ పట్టా పొందిందీ అక్కడే. 1952లో గౌరవ డాక్టరేటు ఇచ్చి గౌరవించిందీ ఆ విశ్వవిద్యాలయమే. మన హాస్టల్ పిల్లలకు ఆ పేరు ఒక ఆశ. కానీ అదే కొలంబియా తన పక్కనున్న హార్లెం వైపు విస్తరించాలని చూసిన ప్రతిసారీ గొడవైంది. అందులో రెండు గొడవల చరిత్ర మనకు తెలియాలి. "చదువు కోసమే కదా" అంటూ భూమి అడిగేవాళ్లు మన దగ్గరా ఉన్నారు.

ముందు ఆ చోటు ఎలా ఉంటుందో చూద్దాం. కొలంబియా ప్రైవేటు విశ్వవిద్యాలయం. న్యూయార్క్‌లో మార్నింగ్‌సైడ్ హైట్స్ అనే మిట్ట మీద ఉంటుంది. మిట్టకు తూర్పున ఏటవాలుగా నగరపాలక సంస్థకు చెందిన మార్నింగ్‌సైడ్ పార్కు. పార్కు దిగితే పల్లంలో నల్లజాతి ప్రజల హార్లెం. మెరకన ఊరు, పల్లాన వాడ. ఈ పటం మనకు కొత్తది కాదు.

ఆ పార్కులో సుమారు 2 ఎకరాలను కొలంబియా తన వ్యాయామశాల కోసం 1960ల మొదట్లో లీజుకు తీసుకుంది. అద్దె ఏడాదికి 3,000 డాలర్లు. అందరిదైన పార్కు స్థలం, ఒక ప్రైవేటు సంస్థ భవనం. హార్లెం వాళ్లకు అందులో దక్కేది కింది అంతస్తుల్లో చిన్న భాగం. మిట్ట మీది తలుపు విద్యార్థులకు, పల్లంలోని తలుపు హార్లెం ప్రజలకు. టీ కొట్టులో రెండు గ్లాసులు చూసినవాళ్లకు ఈ రెండు తలుపుల అర్థం విడమరచి చెప్పక్కర్లేదు. అమెరికా దక్షిణాది జాతివివక్ష చట్టాలను జిమ్ క్రో చట్టాలు అంటారు. ఆ మాట మీద శ్లేషతో ఈ వ్యాయామశాలకు "జిమ్ క్రో" అని ఉద్యమకారులు పేరు పెట్టారు.

1968 ఫిబ్రవరిలో తవ్వకం మొదలైంది. ఏప్రిల్ 23న విద్యార్థులు కదిలారు. యుద్ధ పరిశోధనతో విశ్వవిద్యాలయానికున్న సంబంధం మీద కోపమూ ఇందులో కలిసింది. నల్లజాతి విద్యార్థులు హామిల్టన్ హాల్‌ను తమ ఆధీనంలోకి తీసుకున్నారు. ఏప్రిల్ 30 తెల్లవారకముందే పోలీసులు దిగి సుమారు 700 మందిని అరెస్టు చేశారు. అయినా వ్యాయామశాల లేవలేదు. తవ్విన గొయ్యి ఉన్న చోట ఇప్పుడు చెరువు ఉంది. లీజు కాగితం ఉన్నా, పల్లంలోని జనమూ మిట్ట మీది విద్యార్థులూ కలిసి నిలబడితే పని ఆగిపోయింది.

రెండో గొడవ దీనికి భిన్నంగా ముగిసింది. 2003లో కొలంబియా పశ్చిమ హార్లెంలోని మాన్‌హట్టన్‌విల్‌లో 17 ఎకరాల కొత్త ప్రాంగణం ప్రకటించింది. చాలా భూమి కొనేసింది. కొందరు మాత్రం అమ్మమన్నారు. వారిలో గోదాముల వ్యాపారి ఉన్నాడు, పెట్రోల్ బంకులు నడుపుకొనే పంజాబీ సిక్కు కుటుంబమూ ఉంది. అప్పుడు రాష్ట్ర అభివృద్ధి సంస్థ రంగంలోకి దిగింది. ఆ ప్రాంతం పాడుబడిందనీ, విద్య ప్రజా ప్రయోజనమనీ చెప్పి బలవంతపు భూసేకరణకు 2008లో సిద్ధమైంది.

పాడుబడిందని తేల్చిన సర్వే ఎవరు చేశారు? కొలంబియాకు పనిచేస్తున్న సలహా సంస్థే ప్రభుత్వ సంస్థకూ చేసిపెట్టింది. పాడుబడిన భవనాల్లో కొలంబియా కొన్నవీ ఉన్నాయి. 2009 డిసెంబరులో అప్పీలు విభాగం 3–2 తేడాతో సేకరణను కొట్టేసింది. 2010 జూన్ 24న రాష్ట్ర అత్యున్నత న్యాయస్థానం ఆ తీర్పును తిరగేసింది. వేరే సంస్థ చేసిన రెండో సర్వే కూడా అదే చెప్పిందనీ, పాడుబడిందో లేదో తేల్చే పని ప్రభుత్వ సంస్థదేననీ, ప్రైవేటు విశ్వవిద్యాలయమైనా విద్య ప్రజా ప్రయోజనమేననీ అంది. ఆ డిసెంబరులో అమెరికా సుప్రీంకోర్టు కేసు వినడానికే నిరాకరించింది.

ఇక మన సంగతి. 2013 భూసేకరణ చట్టం ప్రభుత్వ, ఎయిడెడ్ విద్యాసంస్థలను ప్రజా ప్రయోజనంలో చేర్చింది. ప్రైవేటు ఆస్పత్రులు, ప్రైవేటు విద్యాసంస్థలు, ప్రైవేటు హోటళ్లను మౌలిక సదుపాయాల పద్దులోంచి పేరుపెట్టి తప్పించింది. 2014 డిసెంబరు 31 నాటి ఆర్డినెన్సు ఆస్పత్రులకూ విద్యాసంస్థలకూ ఉన్న ఆ అడ్డు తీసేసింది. దేశమంతా వ్యతిరేకత వచ్చాక, 2015 ఆగస్టులో ఆర్డినెన్సును మళ్లీ జారీ చేయకుండా వదిలేశారు. ఒక్క పదబంధం కోసం ఎంత పెనుగులాట జరిగిందో చూడండి.

ఇందులో మనకు మరీ దగ్గరిది అసైన్డ్ భూమి. ప్రభుత్వం ఇచ్చిన భూమే కాబట్టి, ప్రజా ప్రయోజనమంటే పరిహారం లేకుండా వెనక్కి తీసుకోవచ్చనేది పాత వాదన. 2004లో మేకల పాండు కేసులో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు విస్తృత ధర్మాసనం దాన్ని తిప్పికొట్టింది. పట్టాదారుకిచ్చినట్టే అసైనీకీ మార్కెట్ విలువ కట్టి పరిహారం ఇవ్వాలని చెప్పింది. చేవెళ్ల డివిజన్‌లో మొదలైన ఈ కేసును లా విద్యార్థులే కాదు, ప్రతి దళిత విద్యార్థీ చదవాలి.

బాబాసాహెబ్ చదివిన చోటు కాబట్టి కొలంబియాను ప్రశ్నించకూడదా? 1946లో ఆయనే డబ్ల్యూ.ఈ.బీ. డుబోయిస్‌కు ఉత్తరం రాశారు. నల్లజాతి ప్రజల తరఫున ఐక్యరాజ్యసమితికి ఇచ్చిన పిటిషన్ ప్రతులు అడిగారు. ఆయన చూపు ఎటువైపుందో ఆ ఉత్తరమే చెబుతుంది.

మనం చదువుకు వ్యతిరేకం కాదు. చదువు కోసం మనంత కొట్లాడిన వాళ్లు లేరు. అందుకే మీ ఊళ్లో ఒక కాలేజీకి భూమి ఇస్తున్నారని తెలిస్తే, సమాచార హక్కు దరఖాస్తు పెట్టి మూడు సంగతులు అడగండి. ఆ భూమి రికార్డుల్లో ఏమని ఉంది? ప్రజా ప్రయోజనమని ఎవరు, ఎవరి నివేదిక మీద తేల్చారు? భూమి పోయినవాళ్ల పిల్లలకు ఆ కాలేజీలో సీటు ఇస్తామని ఏ కాగితంలో రాశారు?

మూడోదానికి జవాబు లేకపోతే, ఆ కాలేజీకీ రెండు తలుపులున్నట్టే.

జై భీమ్.