హూరిన్ కుర్చీ

‘కర్ణుడి చావుకి కారణాలనేకం’ అంటాం. పరశురాముడి శాపం, ఆవును పోగొట్టుకున్న బ్రాహ్మణుడి శాపం, కుంతికిచ్చిన మాట, ఇంద్రుడికిచ్చిన కవచం, శల్యుడి సూటిపోటి మాటలు. మా ఆఫీసులో సర్వర్ పడిపోయినప్పుడల్లా ఒక రిపోర్టు రాస్తాం. అందులో ‘రూట్ కాజ్’ అని ఒక గడి ఉంటుంది. కర్ణుడి కథ ఆ గడిలో పట్టదు. టోల్కీన్ రాసిన టూరిన్ కథ మొదటిసారి చదివినప్పుడు మాత్రం గడి ఇట్టే నిండిపోయింది అనుకున్నాను: మోర్గోత్ శాపం. రెండోసారి చదివాక ఆ జవాబు కొట్టేయాల్సి వచ్చింది.

‘లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ సినిమాలు చూసినవాళ్ళకి సౌరాన్ తెలుసు. అతనికి యజమాని మోర్గోత్. సినిమాల కథకి వేల ఏళ్ళ ముందు, టోల్కీన్ లెక్కలో మొదటి యుగం 472లో, ఒక మహాయుద్ధంలో ఎల్ఫులూ మనుషులూ చిత్తుగా ఓడిపోతారు. హూరిన్ అనే మనిషి మోర్గోత్‌కి ప్రాణాలతో చిక్కుతాడు. గొండోలిన్ అనే రహస్య నగరం ఎక్కడుందో చెప్పమంటే చెప్పడు సరికదా, ఎగతాళి చేస్తాడు. మోర్గోత్ అతన్ని చంపడు. కొండ మీద ఒక రాతి కుర్చీలో కట్టిపడేసి, అతని భార్యాబిడ్డల్ని శపించి, వాళ్ళకేమవుతుందో అక్కడే కూర్చుని చూడమంటాడు.

అప్పటికి కొడుకు టూరిన్‌కి ఎనిమిదేళ్ళు. తర్వాత జరిగేదంతా అతని జీవితం. ఎల్ఫుల రాజ్యం డోరియాత్‌లో పెరుగుతాడు. అక్కడ తనని అవమానించినవాడిని తరుముతాడు, వాడు లోయలో పడి చస్తాడు. తీర్పు కోసం ఆగకుండా పారిపోతాడు. రాజు క్షమించాడని ప్రాణస్నేహితుడు బెలెగ్ వెతుక్కుంటూ వచ్చి చెప్పినా వెనక్కి వెళ్ళడు. ఒక రాత్రి బెలెగ్ అతని కట్లు కోస్తుంటే, శత్రువనుకుని చీకట్లో అతన్నే పొడిచేస్తాడు. నార్గోత్‌రాండ్ అనే గుహానగరం గుమ్మం ముందు నది మీద వంతెన కట్టిస్తాడు. పడగొట్టేయమని హెచ్చరిక వచ్చినా వినడు. డ్రాగన్ గ్లౌరుంగ్ ఆ వంతెన మీద నుంచే వస్తుంది. చివరికి, డ్రాగన్ మాయవల్ల జ్ఞాపకం పోయిన చెల్లెలు నీనోర్‌ని, ఎవరో తెలియక పెళ్ళి చేసుకుంటాడు. నిజం తెలిశాక ఆమె నదిలోకి దూకుతుంది, అతను కత్తి మీద పడి చస్తాడు. నలభై కూడా నిండవు.

ఇందులో శాపం చేసిన పని ఎంత? వంతెన కట్టింది అహంకారం. పారిపోయింది కోపం. బెలెగ్ చావుని ఏ గడిలో రాయాలో నాకు తెలీదు. ఇంకో మెలిక కూడా ఉంది. టూరిన్ జీవితంలో మొదటి దుఃఖం మూడేళ్ళ చిట్టిచెల్లెలు లాలైత్ జ్వరంతో పోవడం. అది శాపానికి ముందే జరిగింది. తండ్రి అప్పటికింకా ఇంట్లోనే ఉన్నాడు.

ఈ కథకి పుట్టిల్లు ఫిన్లాండ్. ఎలియాస్ లోన్‌రోట్ జానపద గేయాలు సేకరించి 1835లో, పెంచి 1849లో అచ్చువేసిన ‘కలెవాలా’లో కుల్లెర్వో అనే అనాథ ఉన్నాడు. తెలియక చెల్లెల్ని చేరడం, ఆమె నీళ్ళలో దూకడం, కత్తితో మాట్లాడి అతను చావడం, అన్నీ అక్కడివే. 1914లో ఆక్స్‌ఫర్డ్‌లో చదువుకుంటూ టోల్కీన్ ఆ కథని తన మాటల్లో తిరగరాయడం మొదలుపెట్టి, పూర్తి చేయకుండా వదిలేశాడు. అప్పటికే అతనికి అమ్మా నాన్నా లేరు. 1916లో సోమ్ యుద్ధానికి వెళ్ళి, ట్రెంచ్ ఫీవర్‌తో ఇంటికొచ్చాడు. ఆ ఏడాది దగ్గరి స్నేహితులిద్దరు చనిపోయారు. ఆ తర్వాత రాసినప్పుడు కుల్లెర్వో టూరిన్ అయ్యాడు. 1920లలో పద్యంగా, 1950లలో మళ్ళీ వచనంగా రాశాడు, ఏదీ ముగించలేదు. 1973లో ఆయన పోయాక, కొడుకు క్రిస్టఫర్ ఆ ముక్కలన్నీ అతికి 2007లో ‘ది చిల్డ్రెన్ ఆఫ్ హూరిన్’ అనే పుస్తకంగా తెచ్చాడు. తండ్రి మొదలుపెట్టిన తొంభై మూడేళ్ళకి.

కలెవాలాలో లేనిదీ, టోల్కీన్ చేర్చిందీ ఏమిటని చూస్తే రెండు కనిపిస్తాయి: మోర్గోత్ శాపం, చూస్తూ కూర్చున్న తండ్రి. కలెవాలాలో ముసలి వైనామోయినెన్ కుల్లెర్వో చావు విని, పిల్లల్ని క్రూరంగా పెంచితే ఇలాగే అవుతుందని తేల్చేస్తాడు. అంటే అక్కడ రూట్ కాజ్ పెంపకం. టోల్కీన్ దాన్ని తీసేసి శాపం పెట్టాడు. కానీ ఆ శాపం పనిచేసినట్టు ఎక్కడా పూర్తిగా రుజువు కానివ్వలేదు.

మన శాపాలతో పోలిస్తే ఇది అర్థమవుతుంది. మన పురాణాల్లో శాపానికి ఒక లెక్క ఉంటుంది. తప్పు ఉంటుంది, కోపించిన ముని ఉంటాడు, కాళ్ళ మీద పడితే శాపవిమోచనం ఉంటుంది. జయవిజయులకి మూడు జన్మలని గడువు కూడా ఉంది. మోర్గోత్ శాపానికి తప్పు లేదు, గడువు లేదు, విమోచనం లేదు. ఒకడు మాట వినలేదన్న ఉక్రోషం మాత్రమే. సోమ్ చూసొచ్చిన కుర్రాడికి కర్మఫలం లాంటి లెక్క నమ్మబుద్ధి కాలేదేమో అని నా ఊహ.

మరి శాపం ఎవరికి తగిలింది? కుర్చీలో ఉన్నవాడికని నాకనిపిస్తుంది. ధృతరాష్ట్రుడికి కళ్ళు లేవు, సంజయుడు ఉన్నదున్నట్టు చెప్పాడు. హూరిన్‌ది సరిగ్గా తిరగేసిన పరిస్థితి. కళ్ళున్నాయి, కానీ మోర్గోత్ కళ్ళతో చూడాలి, మోర్గోత్ చెవులతో వినాలి. చూసినవన్నీ అబద్ధాలు కావు. కానీ మంచి ఎక్కడుందో అక్కడ వంకర. ఇరవై ఎనిమిదేళ్ళు అలా చూశాక వదిలిపెడితే, హూరిన్ వెళ్ళి తన కొడుకుని పెంచినవాళ్ళనే నిందిస్తాడు. గొండోలిన్ కొండల కింద నిలబడి రాజుని పేరు పెట్టి పిలిచి, చిత్రహింసలకీ చెప్పని రహస్యాన్ని తనే బయటపెడతాడు. శాపం తన పని పూర్తి చేసింది అక్కడే.

మా అమ్మమ్మ ఇద్దరు కొడుకుల్ని పోగొట్టుకుంది. ‘ఈ ఇంటికేదో శాపం తగిలిందిరా’ అనేది. చావులూ, అప్పులూ, చెడిపోయిన సంబంధాలూ వరసగా చెప్పేది. అందులో ఏదీ అబద్ధం కాదు. మా అమ్మ చదువు, నా ఉద్యోగం, పెరట్లో ఆవిడ వేసిన మామిడి చెట్టు మాత్రం ఆ వరసలో ఎప్పుడూ రాలేదు. శాపాలు లేవని నేను వాదించేవాణ్ణి. ఇప్పుడైతే వాదించను. ఆ కుర్చీ పక్కన కూర్చుని, చెట్టు ఈ ఏడాది ఎన్ని కాయలు కాసింది అమ్మమ్మా, అని అడుగుతాను. అడగడానికి ఆవిడ లేదు.