వెస్ట్ పాయింట్ నీడలో పదమూడు ఆటలు: కార్లైల్ జట్టు 1912 సీజన్ - పునఃపరిశీలన

కార్లైల్ మూలవాసుల పాఠశాల ఫుట్‌బాల్ జట్టు గురించి రాసేవారికి 1912 నవంబరు 9 దాటి చూపు సాగదు. ఆ రోజు వెస్ట్ పాయింట్‌లో సైనిక అకాడమీని కార్లైల్ 27-6తో ఓడించింది. ఓడిన జట్టులో తర్వాత అమెరికా అధ్యక్షుడైన ఐసెన్‌హోవర్, గెలిచిన జట్టులో ఒలింపిక్ వీరుడు జిమ్ థోర్ప్. కథ చెప్పేవాడికి ఇంతకు మించి ఏం కావాలి? చరిత్ర రాసేవాడికి మాత్రం కావాలి. ఆ సీజన్‌లో కార్లైల్ ఆడినవి 14 ఆటలు. పన్నెండు గెలిచింది, ఒకటి ఓడింది, ఒకటి సమం చేసింది. మొత్తం 504 పాయింట్లు సాధించింది. (టచ్‌డౌన్‌కు ఆరు పాయింట్లు, నాలుగో డౌన్ ఆ ఏడే వచ్చాయి కాబట్టి ఈ అంకెను పాత సీజన్లతో పోల్చి మురిసిపోవడం తగదు.) మిగిలిన పదమూడు ఆటలను వెస్ట్ పాయింట్‌కు మెట్లుగానో తోకగానో చూసే అలవాటు మీదే నా ఫిర్యాదు.

ఈ అలవాటుకు గట్టి ప్రతినిధి లార్స్ ఆండర్సన్. 2007లో వచ్చిన ఆయన పుస్తకం పేరే ‘కార్లైల్ వర్సెస్ ఆర్మీ’. ఉపశీర్షికలో థోర్ప్, ఐసెన్‌హోవర్, కోచ్ పాప్ వార్నర్ పేర్లున్నాయి. జట్టును మైదానంలో నడిపిన క్వార్టర్‌బ్యాక్ గస్ వెల్చ్‌కు అక్కడ చోటు దక్కలేదు. అదే ఏడు వెలువడిన శాలీ జెంకిన్స్ గ్రంథం పరిధి ఇంతకన్నా విశాలం, ఆమెతో నాకు పెద్ద పేచీ లేదు. బోర్డింగు పాఠశాలల క్రీడలపై జాన్ బ్లూమ్ చేసిన కృషిని ఎరిగినవారికి దాన్ని మళ్లీ ఏకరువు పెట్టనక్కర్లేదు. పేచీ అంతా ఆండర్సన్‌తోనే, ఎందుకంటే పాఠకులు నమ్మింది ఆయన చట్రాన్నే: ముగ్గురు మహాపురుషులు, ఒక మహాసంగ్రామం.

ఆ సంగ్రామంలో పాయింట్లు ఎవరివో చూద్దాం. కార్లైల్ నాలుగు టచ్‌డౌన్లలో మూడు అలెక్స్ ఆర్కాసావి, ఒకటి జో బెర్గీది. థోర్ప్ తెచ్చినవి టచ్‌డౌన్ల తర్వాతి మూడు అదనపు పాయింట్లే. అతని పరుగులు ప్రత్యర్థిని కకావికలు చేయకపోతే ఆర్కాసాకు దారి దొరికేది కాదనవచ్చు. సరే, కానీ ఆర్కాసా పేరు అట్ట మీదికి ఎందుకు రాలేదో ఆ మాట చెప్పదు. ఇక ‘వూండెడ్ నీకి ప్రతీకారం’ అన్న వ్యాఖ్యానం ఉంది. 1890 డిసెంబరులో ఏడో అశ్విక దళం చంపింది లకోటాలను. థోర్ప్ ఓక్లహోమాకు చెందిన శాక్ అండ్ ఫాక్స్; వెల్చ్, సహ ఆటగాడు జో గయోన్ ఒజిబ్వేలు. అన్ని తెగలనూ ఒకే గాయంగా, ఒకే పగగా కుదించడం ఆ పాఠశాల వ్యవస్థాపకుడు ప్రాట్ చూపు. జుట్టు కత్తిరించి, సొంత భాష మాన్పించి అందరినీ ఒకే మూసలో పోయాలనుకున్నది ఆయనే. సానుభూతితో రాసేవారు కూడా తెలియకుండానే ఆ చూపును అరువు తెచ్చుకుంటున్నారు.

నా దృష్టిలో ఈ సీజన్‌కు అసలు సాక్ష్యం ఆటల పట్టిక. సెప్టెంబరు 21 శనివారం ఆల్‌బ్రైట్‌తో మొదలు. 25 బుధవారం లెబనాన్ వ్యాలీ. 28న డికిన్సన్. అక్టోబరు 2 బుధవారం విల్లనోవా, 65-0. అక్టోబరు 5న వాషింగ్టన్ అండ్ జెఫర్సన్‌తో సున్నా-సున్నా. అంటే 15 రోజుల్లో ఐదు ఆటలు. ఆ అయిదో ఆటలో, అంతకుముందు నాలుగింటిలో 194 పాయింట్లు కొట్టిన జట్టు ఒక్క పాయింటూ చేయలేకపోయింది! దీన్ని ‘అనూహ్య ఫలితం’ అని దాటేసేవారు తేదీలు చూడనట్టే. తర్వాత సిరక్యూస్, పిట్స్‌బర్గ్, రెండూ పరాయి ఊళ్లే. అక్టోబరు 26 శనివారం వాషింగ్టన్‌లో జార్జ్‌టౌన్‌తో ఆడి 28 సోమవారానికల్లా కెనడాలో టొరాంటో జట్టు ముందు నిలబడ్డారు. మధ్యలో మిగిలింది ఒక్క ఆదివారం, అదీ రైలు ప్రయాణానికే. నవంబరు 2న లీహై, 9న వెస్ట్ పాయింట్, 16న ఫిలడెల్ఫియాలో పెన్సిల్వేనియా. సొంత ఊళ్లో ఆడినవి మొదటి మూడే. మిగతావన్నీ బయటే, ఎందుకంటే గేటు వసూళ్లు పెద్ద నగరాల్లోనే వస్తాయి.

ఈ శ్రమ ఎక్కడ తేలింది? మొదటి ఏడు ఆటల్లో కార్లైల్ ప్రత్యర్థులకు ఇచ్చినవి మొత్తం 15 పాయింట్లు. జార్జ్‌టౌన్ ఒక్కటే 20 చేసింది. వెస్ట్ పాయింట్ తర్వాత రెండు ఆటల్లో ఇచ్చినవి 58: పెన్సిల్వేనియా చేతిలో 34-26తో ఓటమి, స్ప్రింగ్‌ఫీల్డ్ వైఎంసీఏ కాలేజీపై 30-24తో గట్టెక్కిన గెలుపు. చివరి ఆటలో నవంబరు 28న బ్రౌన్‌ను 32-0తో ఓడించారన్నది నిజమే. ఆండర్సన్ చట్రంలో పెన్సిల్వేనియా ఓటమి విజయోత్సాహం దిగిపోయాక వచ్చిన నిట్టూర్పు మాత్రమే. నాకు అది కూలి లెక్క.

కూలి అనే అంటున్నాను. వేసవిలో ఈ పిల్లలను ‘ఔటింగ్’ పేరుతో తెల్ల రైతుల ఇళ్లకు పనికి పంపిన పాఠశాలే శరదృతువులో వాళ్లను మైదానాలకు పంపింది. రెండింటిలోనూ పని వారిది, ఏర్పాటు మరొకరిది. గేటు డబ్బు అథ్లెటిక్ సంఘం ఖాతాలో చేరేది, ప్రభుత్వ ఖజానాలో కాదు. విద్యార్థులు ఆటను ప్రేమించారు, ప్రాట్ ఫుట్‌బాల్ మాన్పిస్తే బతిమాలి మళ్లీ తెచ్చుకున్నారు, అదీ నిజం. అయితే పనిని ప్రేమించినవాడు కూలివాడు కాకుండా పోడు.

అనుమానం ఉన్నవారు 1914 ఫిబ్రవరికి రావాలి. కాంగ్రెస్ సంయుక్త సంఘం కార్లైల్‌కు వచ్చి విచారణ జరిపింది. దానికి ముందు రెండు వందలకు పైగా విద్యార్థుల సంతకాలతో అర్జీ నడిపినది గస్ వెల్చ్! ఆటగాళ్లతో వార్నర్ ప్రవర్తనకు వ్యతిరేకంగా వాంగ్మూలం ఇచ్చాడు. అథ్లెటిక్ నిధి ఖర్చులు బయటపడ్డాయి. సూపరింటెండెంట్ ఫ్రీడ్‌మన్ పదవి పోయింది. వార్నర్ మరో సీజన్ ఉండి 1915లో పిట్స్‌బర్గ్‌కు కోచ్‌గా వెళ్లిపోయాడు. పాఠశాల 1918లో మూతపడింది. వెల్చ్‌కు ఆ ధైర్యం 1914లో ఆకాశం నుంచి ఊడిపడలేదు. ఆ 14 ఆటల్లో, ముఖ్యంగా టొరాంటో రైల్లో, అది కుదురుకుందని నా ప్రతిపాదన. 1912 జట్టు అమెరికా కాలేజీ క్రీడాకారుల తొలి కార్మిక సంఘం, అర్జీ దాని తొలి సమ్మె నోటీసు.

జీతం లేని ఆటగాడి శ్రమ మీద కాలేజీలు సంపాదించడం గురించిన ఈనాటి తగవును 2021 నాటి ఆల్‌స్టన్ తీర్పుతో మొదలుపెట్టడం న్యాయశాస్త్ర విద్యార్థులకు అలవాటు. అమెరికా సుప్రీంకోర్టు తొమ్మిది మంది న్యాయమూర్తులూ ఏకాభిప్రాయంతో, చదువుకు సంబంధించిన ప్రయోజనాలపై కాలేజీ క్రీడల సంస్థ ఎన్‌సీఏఏ పెట్టిన ఆంక్షలను కొట్టేసిన తీర్పు అది. వాళ్ల పాఠ్య ప్రణాళికలో మొదటి పత్రం ఆ తీర్పు కాకూడదు, వెల్చ్ వాంగ్మూలం కావాలి. ఆండర్సన్ పుస్తకాన్ని, కావాలంటే, సెలవుల్లో చదువుకోవచ్చు.