మొదటి ర్యాంకు నుంచి ఏడు జట్ల దాకా: జడేవియన్ క్లౌనీ క్రీడా ప్రస్థానం

అమెరికాలో పాఠశాల స్థాయి ఫుట్‌బాల్ ఆటగాళ్లకు దేశవ్యాప్త ర్యాంకులు ఇచ్చే సంస్థలు ఒకే పేరుపై ఏకాభిప్రాయానికి రావడం అరుదు. 2011లో ఆ ఏకాభిప్రాయం కుదిరింది. దక్షిణ కరోలినా రాష్ట్రంలోని రాక్‌హిల్ పట్టణానికి చెందిన జడేవియన్ క్లౌనీని ప్రధాన సంస్థలన్నీ ఆ ఏడాది దేశంలోకెల్లా ఉత్తమ ఆటగాడిగా ప్రకటించాయి. మూడేళ్ల తరువాత వృత్తి ఫుట్‌బాల్ లీగ్ అయిన ఎన్‌ఎఫ్‌ఎల్ కూడా అతనినే మొదటి ఆటగాడిగా ఎంచుకుంది. ఆ తరువాతి పదేళ్లకు పైగా కాలంలో అతను ఏడు జట్లకు ఆడాడు, తీవ్రమైన మోకాలి గాయాలను తట్టుకున్నాడు, మూడు సార్లు లీగ్ మేటి ఆటగాళ్ల ప్రదర్శన పోటీ ప్రో బౌల్‌కు ఎంపికయ్యాడు. అయినా అతని గురించి వచ్చే చర్చ ఎప్పుడూ పదిహేడేళ్ల వయసులో దక్కిన ఆ మొదటి ర్యాంకు దగ్గరే మొదలవుతుంది.

ఆటలో అతని స్థానం

అమెరికన్ ఫుట్‌బాల్‌లో ఒక్కో జట్టు నుంచి 11 మంది మైదానంలో ఉంటారు. దాడి చేసే బృందం, రక్షణ బృందం వేర్వేరు. దాడిని నడిపేవాడు క్వార్టర్‌బ్యాక్. బంతిని ఎవరికి విసరాలో, ఎవరి చేతికి అందించాలో అతనే నిర్ణయిస్తాడు. అతను ఆ నిర్ణయం తీసుకునేలోపే అడ్డుగోడలా నిలిచిన భారీకాయులను దాటి అతనిని చేరుకోవడం రక్షణ వరుస చివర నిలబడే డిఫెన్సివ్ ఎండ్ పని. బంతి విసరకముందే క్వార్టర్‌బ్యాక్‌ను వెనుకనే పడగొడితే దానిని ‘శాక్’ అంటారు. ఎన్‌ఎఫ్‌ఎల్ దీనిని 1982 నుంచి అధికారిక గణాంకంగా లెక్కిస్తోంది. ఇద్దరు కలిసి పడగొడితే చెరి సగం దక్కుతుంది కనుక ఈ లెక్కల్లో అరలు కనిపిస్తాయి.

ఈ స్థానానికి కావలసిన శరీరం ప్రకృతిలో అరుదు. దాదాపు 120 కిలోల బరువుతో ఉండి, తేలికపాటి పరుగువీరుడితో సమానంగా పరుగెత్తగలగాలి. ఆరడుగుల ఐదంగుళాల క్లౌనీ 2014లో ఎన్‌ఎఫ్‌ఎల్ నిర్వహించిన శారీరక పరీక్షల్లో 40 గజాల దూరాన్ని 4.53 సెకన్లలో పూర్తి చేశాడు. అతని కోసం విశ్వవిద్యాలయాలు ఎందుకు పోటీ పడ్డాయో ఆ ఒక్క అంకె చెబుతుంది.

పాఠశాల బాలుడి కోసం పోటీ

అమెరికా వృత్తి ఫుట్‌బాల్‌కు విశ్వవిద్యాలయ జట్లే శిక్షణ కేంద్రాలు. అందువల్ల పాఠశాల ఆటగాళ్లను ఆకర్షించడం విశ్వవిద్యాలయ కోచ్‌ల ఉద్యోగంలో సగభాగం. రైవల్స్, 247 స్పోర్ట్స్, ఈఎస్‌పీఎన్ వంటి సంస్థలు వారికి ఐదు దాకా నక్షత్రాలు కేటాయిస్తాయి. 247 స్పోర్ట్స్ ఐదు నక్షత్రాల జాబితాను 32 మందికి అటూ ఇటూగా ఉంచుతుంది. ఎన్‌ఎఫ్‌ఎల్ ఎంపికల తొలి రౌండులో 32 స్థానాలు ఉండటమే ఇందుకు కారణం. అంటే అయిదో నక్షత్రం కేవలం ప్రశంస కాదు, ఆ బాలుడు ఏనాటికైనా తొలి రౌండులో ఎంపికవుతాడన్న జోస్యం.

రాక్‌హిల్ చిన్న పట్టణమే అయినా ఎన్‌ఎఫ్‌ఎల్‌కు వరుసగా ఆటగాళ్లను అందించిన ఊరు. 2019లో లీగ్ ఉత్తమ రక్షణ ఆటగాడిగా నిలిచిన స్టెఫాన్ గిల్మోర్, క్లౌనీ చదివిన సౌత్ పాయింట్ హైస్కూల్‌లోనే అతనికంటే ముందు ఆడాడు. పాఠశాల చివరి సీజన్‌లో క్లౌనీ 29.5 శాక్‌లు సాధించాడు. చేర్పు పత్రాలపై అప్పట్లో సంతకాలు మొదలయ్యే ఫిబ్రవరి తొలి బుధవారం నాడు దేశంలోని ప్రముఖ ఆటగాళ్లలో అత్యధికులు తమ నిర్ణయం చెప్పేసినా, అతను మాత్రం ఆగాడు. అలబామా, క్లెమ్సన్, దక్షిణ కరోలినా విశ్వవిద్యాలయాలు చివరిదాకా ఎదురుచూశాయి. 2011 ఫిబ్రవరి 14న, తన పద్దెనిమిదో పుట్టినరోజున, టెలివిజన్ ప్రత్యక్ష ప్రసారంలో అతను దక్షిణ కరోలినా పేరు చెప్పాడు. అప్పటికి అలబామాతో పోలిస్తే అది పెద్దగా విజయాలు లేని జట్టు. సొంత రాష్ట్రపు జట్టు కావడం దాని బలం.

విశ్వవిద్యాలయంలో మూడేళ్లు

కోచ్ స్టీవ్ స్పరియర్ ఆధ్వర్యంలో క్లౌనీ తొలి ఏడాదే 8 శాక్‌లు సాధించి, ఆగ్నేయ విశ్వవిద్యాలయాల కూటమి ఎస్‌ఈసీలో ఉత్తమ కొత్త ఆటగాడిగా నిలిచాడు. 2012లో 13 శాక్‌లు, ప్రత్యర్థిని వెనక్కి నెట్టిన పట్లు 23.5తో విశ్వవిద్యాలయ రికార్డులు నెలకొల్పాడు. క్లెమ్సన్‌తో జరిగిన ఒక్క మ్యాచ్‌లోనే 4.5 శాక్‌లు అతని ఖాతాలో చేరాయి. దేశపు ఉత్తమ విశ్వవిద్యాలయ ఆటగాడికి ఇచ్చే హైస్‌మన్ ట్రోఫీ ఓటింగ్‌లో రక్షణ ఆటగాళ్లకు చోటు దొరకడమే కష్టం. ఆ ఏడాది అతను ఆరో స్థానంలో నిలిచాడు.

అతనిని దేశమంతటికీ పరిచయం చేసింది మాత్రం 2013 జనవరి 1న ఫ్లోరిడాలోని టాంపాలో మిషిగన్ విశ్వవిద్యాలయంతో జరిగిన ఔట్‌బ్యాక్ బౌల్ మ్యాచ్. చివరి పావుభాగంలో మిషిగన్ ఆటగాడు విన్సెంట్ స్మిత్ చేతికి బంతి అందిన క్షణంలోనే క్లౌనీ అతనిని ఢీకొన్నాడు. స్మిత్ తలపైనున్న హెల్మెట్ ఎగిరిపోయింది, బంతి జారింది, క్లౌనీ దానిని ఒక్క చేత్తో అందుకున్నాడు. మరుసటి ఎత్తులోనే దక్షిణ కరోలినా టచ్‌డౌన్ చేసింది, మ్యాచ్‌ను 33-28తో గెలిచింది. ఆ ఏడాది ఉత్తమ క్రీడాఘట్టంగా ఈఎస్‌పీ పురస్కారం దానికే దక్కింది.

ఆడాలా, ఆగిపోవాలా?

ఆ మ్యాచ్ తరువాత అతను వెంటనే ఎన్‌ఎఫ్‌ఎల్‌కు వెళ్లగలిగి ఉంటే మొదటి ఎంపిక అతనిదే అయ్యేదని చాలామంది విశ్లేషకులు భావించారు. కానీ వెళ్లే వీలు లేదు. పాఠశాల విద్య ముగిశాక మూడేళ్లు గడిచేదాకా ఎవరినీ తీసుకోరాదన్నది లీగ్ నియమం. ఒహాయో స్టేట్ ఆటగాడు మారిస్ క్లారెట్ దీనిని కోర్టులో సవాలు చేసి తొలుత గెలిచినా, 2004లో అప్పీల్ కోర్టు లీగ్‌కు అనుకూలంగా తీర్పునిచ్చింది. మరోవైపు విశ్వవిద్యాలయ ఆటగాళ్లకు జీతం ఇవ్వరాదన్నది వారి క్రీడలను నియంత్రించే ఎన్‌సీఏఏ అప్పటి నిబంధన. చదువు, వసతి, భోజనం ఖర్చులకు ఉపకారవేతనం తప్ప మరేమీ దక్కేది కాదు. కోట్ల డాలర్ల విలువ ఉందని అందరూ ఒప్పుకున్న శరీరంతో క్లౌనీ మరో ఏడాది వేతనం లేకుండా ఆడవలసి వచ్చింది.

ప్రమాదం ఊహాజనితం కాదు. అతని సహచరుడు మార్కస్ లాటిమోర్ కూడా అదే రాష్ట్రంలో, అంతే ఆర్భాటంగా చేర్చుకున్న ఆటగాడు. 2012 అక్టోబరులో టెనెసీతో మ్యాచ్‌లో లాటిమోర్ మోకాలు దారుణంగా దెబ్బతింది. శాన్‌ఫ్రాన్సిస్కో జట్టు 2013లో నాలుగో రౌండులో అతనిని తీసుకున్నా, ఎన్‌ఎఫ్‌ఎల్‌లో ఒక్క మ్యాచ్ కూడా ఆడకుండానే 2014 నవంబరులో అతను వీడ్కోలు పలికాడు. అందుకే 2013 సీజన్‌కు క్లౌనీ పూర్తిగా దూరంగా ఉండటమే మేలని కొందరు వ్యాఖ్యాతలు బహిరంగంగా సూచించారు.

అతను ఆడాడు. అయితే ప్రత్యర్థులు ఇద్దరు ముగ్గురిని అతనికి అడ్డు నిలిపారు. పాదం, పక్కటెముకల నొప్పులు వేధించాయి. కెంటకీతో మ్యాచ్‌కు ముందు ఆడలేనని చివరి నిమిషంలో చెప్పడంతో కోచ్ స్పరియర్ తన అసంతృప్తిని దాచుకోలేదు. ఆటగాడు తనను తాను కాపాడుకుంటున్నాడన్న విమర్శ వినిపించింది. సీజన్ ముగిసేసరికి అతని శాక్‌లు 3 మాత్రమే. కానీ జట్టు పదకొండు విజయాలు సాధించింది. అతను ఉన్న మూడేళ్లలోనూ పదకొండేసి విజయాలు రావడం ఆ విశ్వవిద్యాలయ చరిత్రలోనే తొలిసారి.

మొదటి ఎంపిక, మొదటి గాయం

ఎన్‌ఎఫ్‌ఎల్ డ్రాఫ్ట్ మన ఐపీఎల్ వేలం వంటిది కాదు. అక్కడ ధర పాట ఉండదు. గత సీజన్‌లో అట్టడుగున నిలిచిన జట్టు మొదట ఎంచుకుంటుంది. ఎంపికైన ఆటగాడు ఆ జట్టుకే వెళ్లాలి. 2013లో రెండు విజయాలు, 14 పరాజయాలతో చివరన నిలిచిన హ్యూస్టన్ టెక్సన్స్ 2014 మే 8న క్లౌనీని ఎంచుకుంది. రక్షణ ఆటగాడు మొదటి ఎంపిక కావడం 2006 తరువాత అదే తొలిసారి. నాలుగేళ్ల ఒప్పందం విలువ సుమారు 2.2 కోట్ల డాలర్లు.

2014 సెప్టెంబరు 7న వాషింగ్టన్‌తో జరిగిన తొలి మ్యాచ్‌లోనే అతని మోకాలిలోని మెనిస్కస్ మృదులాస్థి చిరిగింది. కోలుకుని తిరిగి వచ్చినా నొప్పి తగ్గలేదు. డిసెంబరులో మైక్రోఫ్రాక్చర్ శస్త్రచికిత్స జరిగింది. ఎముకకు సన్నని రంధ్రాలు చేసి, అక్కడ మృదులాస్థి వంటి కణజాలం పెరిగేలా చూసే ఈ చికిత్స తరువాత మునుపటి వేగం తిరిగి వస్తుందన్న హామీ ఎవరూ ఇవ్వలేరు. తొలి సీజన్‌లో అతను ఆడినవి నాలుగు మ్యాచ్‌లే, శాక్ ఒక్కటీ లేదు.

ఆ గాయం లాటిమోర్ మాదిరిగా అతని ప్రస్థానాన్ని ముగించలేదు. 2016, 2017, 2018 సీజన్లలో అతను వరుసగా ప్రో బౌల్‌కు ఎంపికయ్యాడు. 2016లో జట్టు రక్షణకు మూలస్తంభమైన జె.జె. వాట్ వెన్ను గాయంతో సీజన్‌లో అధికభాగం దూరమైనా, ప్రత్యర్థులకు లీగ్‌లోకెల్లా తక్కువ గజాలు ఇచ్చిన జట్టుగా హ్యూస్టన్ నిలిచింది. అందులో క్లౌనీ పాత్ర ప్రధానం. 2017లో 9.5, 2018లో 9 శాక్‌లు సాధించాడు.

అయినా దీర్ఘకాలిక ఒప్పందం కుదరలేదు. 2019లో హ్యూస్టన్ ‘ఫ్రాంచైజ్ ట్యాగ్’ ప్రయోగించింది. ఆటగాడిని ఏడాదిపాటు నిర్ణీత జీతానికి జట్టులోనే నిలిపి ఉంచే నిబంధన ఇది. సంతకం చేయకుండా అతను శిక్షణకు దూరంగా ఉన్నాడు. సీజన్ ప్రారంభానికి ముందు ఇద్దరు ఆటగాళ్లు, ఒక మూడో రౌండు ఎంపికకు బదులుగా హ్యూస్టన్ అతనిని సియాటిల్‌కు పంపింది.

ఏడాదికో జట్టు

సియాటిల్ తరువాత 2020లో టెనెసీ టైటన్స్‌తో ఏడాది ఒప్పందం కుదిరింది. మళ్లీ మోకాలి గాయంతో ఎనిమిది మ్యాచ్‌లకే పరిమితమై ఒక్క శాక్ కూడా సాధించలేకపోయాడు. 2021లో క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ తరఫున 9 శాక్‌లతో కోలుకున్నాడు. 2022లో అది 2కు పడిపోయింది. 2023లో బాల్టిమోర్ రేవెన్స్‌కు 17 మ్యాచ్‌లూ ఆడి, 9.5 శాక్‌లతో తన అత్యుత్తమ సంఖ్యను ముప్పయ్యేళ్ల వయసులో సమం చేశాడు. 2024లో సొంత ఊరికి కూతవేటు దూరంలోని షార్లట్ నగరపు జట్టు కరోలినా పాంథర్స్‌కు ఆడాడు. ఆ జట్టు 2025 మేలో అతనిని వదులుకోగా, సెప్టెంబరులో డల్లాస్ కౌబాయ్స్ చేర్చుకుంది.

2024 దాకా ఏ ఎన్‌ఎఫ్‌ఎల్ సీజన్‌లోనూ అతని శాక్‌లు రెండంకెలకు చేరలేదు. విమర్శకులు తరచూ ఎత్తిచూపేది దీనినే. అయితే బంతిని పట్టుకుని పరుగెత్తేవారిని నిలువరించడంలో అతను లీగ్‌లోని మేటి ఆటగాళ్లలో ఒకడు. 2017లో ప్రత్యర్థికి గజాలు నష్టపరిచిన పట్లు 21 అతని పేరిట ఉన్నాయి. శాక్‌ల పట్టికలో ఈ పని కనిపించదు.

నక్షత్రాలు చెప్పినది, చెప్పలేనిది

2014 డ్రాఫ్ట్‌లోనే ఐదో స్థానంలో ఎంపికైన ఖలీల్ మాక్ పాఠశాలలో రెండు నక్షత్రాల ఆటగాడు, పదమూడో స్థానంలో ఎంపికైన ఆరన్ డోనల్డ్ మూడు నక్షత్రాల ఆటగాడు. మాక్ 2016లో లీగ్ ఉత్తమ రక్షణ ఆటగాడయ్యాడు. డోనల్డ్ ఆ గౌరవాన్ని మూడు సార్లు అందుకున్నాడు. హ్యూస్టన్‌లో క్లౌనీ సహచరుడైన వాట్ సెంట్రల్ మిషిగన్‌లో దాడి బృందంలో మొదలుపెట్టి, ఉపకారవేతనం లేకుండానే విస్కాన్సిన్‌లో చేరి, చివరకు అదే పురస్కారాన్ని మూడు సార్లు గెలిచాడు.

దీనినిబట్టి ర్యాంకులు అబద్ధమని తేల్చలేం. ఐదు నక్షత్రాల జోస్యం క్లౌనీ విషయంలో అక్షరాలా నిజమైంది. అతను తొలి రౌండులో, అందులోనూ మొదటి స్థానంలో ఎంపికయ్యాడు. జోస్యం అంతవరకే. ఆ తరువాత మోకాలు ఎంతకాలం నిలుస్తుందో, కొత్త కోచ్ ఏ స్థానంలో ఆడిస్తాడో, ఒప్పందం ఎప్పుడు ముగుస్తుందో పదిహేడేళ్ల బాలుడిని చూసి ఎవరూ చెప్పలేరు. వెనుక స్థానాల్లో ఎంపికైన ఆటగాడికి ఇంత సుదీర్ఘ ప్రస్థానం ఉంటే దానిని విజయంగా లెక్కిస్తారు. మొదటి ర్యాంకు వాడికి మాత్రం కొలబద్ద వేరు.

ఈలోగా నిబంధనలూ మారాయి. 2021 జులై నుంచి విశ్వవిద్యాలయ ఆటగాళ్లు తమ పేరు, రూపాలను వాణిజ్యానికి వాడుకుని సంపాదించే వీలు కలిగింది. 2025 జూన్‌లో కోర్టు ఆమోదించిన పరిష్కారంతో విశ్వవిద్యాలయాలే వారికి నేరుగా చెల్లించగలుగుతున్నాయి. మూడేళ్ల నిరీక్షణ నియమం మాత్రం అలాగే ఉంది. 2013లో క్లౌనీ ఎదుర్కొన్న ప్రమాదం నేటి మొదటి ర్యాంకు బాలుడికీ తప్పదు. కాకపోతే ఆ ఏడాదికి ఇప్పుడు ప్రతిఫలం దక్కుతుంది.