నియామకం కోసం నేలపాడు దాకా

ఉద్యోగం కోసం కృష్ణా డెల్టా వాళ్లు కోర్టుకెక్కడం కొత్తేమీ కాదు. మద్రాసు రాష్ట్రంలో ఉన్న రోజుల్లోనే జిల్లా మున్సిఫ్ పోస్టుల భర్తీపై వెంకటరమణ కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. కులమతాలవారీగా పోస్టులు పంచే కమ్యూనల్ జీవో ప్రకారం చేసిన ఆ ఎంపిక చెల్లదని 1951లో తీర్పు వచ్చింది. ఆంధ్ర రాష్ట్రం వచ్చాక 1954లో గుంటూరులో వెలసిన హైకోర్టు 1956లో హైదరాబాదుకు తరలిపోయింది.

తెలంగాణ ప్రాంత ఉద్యోగాలను స్థానికులకే పరిమితం చేసే ముల్కీ నిబంధనలు చెల్లుతాయని 1972 అక్టోబరులో సుప్రీంకోర్టు చెప్పగానే కోస్తాలో జై ఆంధ్ర ఉద్యమం భగ్గుమంది. ఆరు సూత్రాల పథకం, రాజ్యాంగంలో 371-డి అధికరణం, 1975 రాష్ట్రపతి ఉత్తర్వులు ఆ వేడిలో పుట్టినవే. ఆ ఉత్తర్వుల జోనల్ పోస్టుల లెక్కలో ప్రకాశం బ్యారేజీకి ఇవతల విజయవాడ రెండో జోన్, అవతల గుంటూరు జిల్లా మూడో జోన్ అయ్యాయి. సర్వీసు తగాదాల కోసం ప్రత్యేకంగా ట్రైబ్యునల్ పెట్టారు కానీ, దాని తీర్పును రద్దుచేసే అధికారం ప్రభుత్వం చేతుల్లోనే ఉంచారు. కేసు ఓడిన పక్షమే తీర్పును చెరిపేయగలిగే ఈ ఏర్పాటు సాగదని 1986లో సాంబమూర్తి కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. 1997లో చంద్రకుమార్ తీర్పుతో ట్రైబ్యునల్ పైన హైకోర్టు తలుపు కూడా తెరుచుకుంది. హక్కు పెరిగింది, దారీ పెరిగింది.

అసలు చిక్కు మరోచోట ఉంది. అధికారి ఏ నిర్ణయమూ తీసుకోకపోతే కోర్టు సాధారణంగా ‘వినతిపత్రాన్ని ఇన్ని వారాల్లో పరిశీలించి ఉత్తర్వులివ్వండి’ అంటుంది. కొలువు ఇమ్మని అనదు. ఎంపిక జాబితాలో పేరుంటే చాలు, ఉద్యోగం హక్కయిపోదని 1991లో శంకర్‌సన్ దాస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఖాళీలు నింపకపోవడానికి సరైన కారణం ఉండాలనీ అదే తీర్పు చెప్పింది. ఈ రెండో మాట మన కార్యాలయాల చెవికెక్కలేదు. గడువు చివర్లో ‘పరిశీలించాం, వీలుకాదు’ అని ఒక కాగితం వస్తుంది. దానిమీద మళ్లీ పిటిషన్. ఇలాంటి ‘పరిశీలించండి’ ఉత్తర్వులు కాలం చెల్లిన తగాదాలకు తిరిగి ప్రాణం పోస్తున్నాయని 2008లో జేకబ్ కేసులో సుప్రీంకోర్టే హెచ్చరించింది.

ఆ చక్రంలో ఎంతకాలం నలగవచ్చో ఉపాధ్యాయ ఉద్యోగాల కోసం ఎదురుచూసిన 1998 డీఎస్సీ అభ్యర్థులను అడగాలి. వారి ఫైలుపై ముఖ్యమంత్రి సంతకం పడింది 2022 జూన్‌లో. బడిలో అడుగుపెట్టేసరికి 2023. అదీ మినిమం టైమ్ స్కేల్ మీద, కాంట్రాక్టు పద్ధతిలో. పాతికేళ్ల జీతం, సీనియారిటీ, పింఛను ఏ ఉత్తర్వుతోనూ తిరిగి రావు.

రాష్ట్రం విడిపోయాక 2019 జనవరి 1న విజయవాడలో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు కొలువుదీరి, కొద్ది నెలలకే అమరావతిలోని నేలపాడు చేరింది. దూరం తగ్గింది, నిరీక్షణ తగ్గలేదు. నియామక ప్రక్రియ ఏ తేదీకి ముగుస్తుందో ప్రభుత్వం నోటిఫికేషన్‌లోనే రాయాలి. ఆ తేదీ దాటితే, ఆ రోజే చేరినట్టు లెక్కించే నోషనల్ సీనియారిటీ దానంతటదే దక్కేలా నిబంధన తేవాలి. ఈ రెండూ చేయడానికి ఏ కోర్టు ఆదేశమూ అక్కర్లేదు, ఒక్క జీవో చాలు.